ఊగేది ఏమిటి?

ఇంటర్మీడియట్ పిల్లలకు భౌతికశాస్త్రం చెప్పినంత కాలం, ఈథర్ అనే మాట వచ్చిన ప్రతిసారీ నేను క్లాసును నవ్వించాను. పూర్వం గ్రీకులు ఆకాశమంతా ఒక దివ్యపదార్థం నిండి ఉందని కలగన్నారనీ, ఎందుకో ఏమిటో అడగకుండా లోకం రెండు వేల ఏళ్లు దాన్ని నమ్మిందనీ, చివరికి 1887లో అమెరికాలో ఇద్దరు శాస్త్రవేత్తలు ఒక్క ప్రయోగంతో ఆ భ్రమను కూల్చేశారనీ చెప్పేవాణ్ణి. పిల్లలు నవ్వేవాళ్లు, నాకు తృప్తిగా ఉండేది. ఆ మూడు మాటల్లో ఒక్కటీ నిలబడదు. తెలియక చెప్పానంటే అది సగమే నిజం. తెలుసుకోవాలని నాకు అనిపించలేదు. దీన్ని ఇప్పుడు రాయడానికి కారణం, ఆ నవ్వుల కింద ఒక పిల్లవాడి మంచి ప్రశ్న నలిగిపోయింది.

ముందు ఆ గ్రీకుల సంగతి చెప్పాలి. క్రీస్తుపూర్వం 700 ప్రాంతంలో హెసియడ్ అనే కవి ‘థియోగనీ’ అనే కావ్యంలో దేవతల పుట్టుకలు వరసగా చెప్పాడు. మొదట ఖావోస్, అంటే నోరు తెరుచుకున్న అగాధం. అందులోంచి ఎరెబస్ అనే చీకటి, నిక్స్ అనే రాత్రి పుట్టాయి. ఆ చీకటీ రాత్రీ జతకడితే పుట్టిన బిడ్డలు ఈథర్, హేమెరా. హేమెరా పగలు. ఈథర్ పైలోకపు వెలుగు. చీకటి తండ్రికీ రాత్రి తల్లికీ వెలుగు పుట్టడం ఎంత గొప్ప ఊహో నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. హెసియడ్ కావ్యంలో ఆ తరవాత ఈథర్‌కు కథంటూ లేదు. అతడు ఎవరితోనూ యుద్ధం చేయడు, ఎవరినీ శపించడు. దేవతల పట్టికలో పేరున్నా, చివరికి అతడు ఒక చోటు. మనం పీల్చే గాలి, మబ్బులు, పొగమంచు కింది పొర. దాన్ని దాటి పైకి వెళితే మరక లేని వెలుగు. జ్యూస్ ఉండేది అక్కడేనని హోమర్ నాటికే అనుకునేవాళ్లు.

అది కవుల మాటగానే ఉండిపోలేదు. క్రీస్తుపూర్వం 432లో పొటిడేయా అనే పట్టణం దగ్గర చనిపోయిన ఏథెన్స్ సైనికుల కోసం ఒక స్మారక శిల నిలబెట్టారు. వాళ్ల ప్రాణాలను ఈథర్ అందుకుందనీ, దేహాలను నేల అందుకుందనీ దాని మీద చెక్కారు. ఆ శిల ఇప్పుడు లండన్‌లో, బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. దాని సంగతి చదివినప్పుడు నాకు సిగ్గు వేసింది. కొడుకులను పోగొట్టుకున్న ఊరు, వాళ్లు ఎక్కడికి పోయారో తనకు తాను చెప్పుకోవడానికి వాడుకున్న మాట అది. నేను దాన్ని సుద్దముక్క చేత పట్టుకుని హాస్యానికి వాడాను.

అరిస్టాటిల్ విషయంలో నేను చేసింది ఇంకా అన్యాయం. ఆయన చూడకుండా నమ్మాడని చెప్పేవాణ్ణి. ఆయన ‘ఆకాశం గురించి’ అనే గ్రంథం మొదటి భాగం తెరిస్తే అక్కడున్నది నమ్మకం కాదు, వాదన. రాయి కిందికి పడుతుంది, నిప్పు పైకి లేస్తుంది. నేల, నీరు, గాలి, నిప్పు, ఈ నాలుగింటి సహజమైన కదలిక సరళరేఖలోనే, కిందికో పైకో. నక్షత్రాలు మాత్రం వలయంలో తిరుగుతాయి, ఆగవు, అలసిపోవు. కాబట్టి వాటిది ఈ నాలుగింటిలో ఏదీ కాని వేరే పదార్థం, అంటే ఈథర్, కావాలి. దానికి బరువూ ఉండదు, తేలికా ఉండదు, ఎందుకంటే కిందికి పోవడం, పైకి పోవడం దాని స్వభావంలో లేవు. వలయానికి ఎదురు కదలిక లేదు గనుక దానికి విరుద్ధమైనదీ లేదు. విరుద్ధమైనది లేనిది పుట్టదు, నశించదు. దీనికి ఆయన చూపిన సాక్ష్యం కూడా ఉంది. తరతరాలుగా చేతులు మారి వచ్చిన లెక్కల్లో పైఆకాశంలో ఏ మార్పూ కనిపించలేదన్నాడు. అంటే ఆయన చూశాడు, తనకు ముందువాళ్లు చూసినదాన్నీ కలుపుకున్నాడు. ఇంకొక మాట నన్ను ఆపేసింది. భూమికీ నక్షత్రాలకూ నడుమ ఉన్న అంత చోటూ నిప్పుతో నిండి ఉంటే, మిగిలిన భూతాలు దాని ముందు ఎప్పుడో మాడి పోయి ఉండేవని ఆయన వాదించాడు. ఆకాశం ఎంత పెద్దదో, భూమి ఎంత చిన్నదో లెక్కలోకి తీసుకున్న మనిషి మాట అది. తప్పే. కానీ ఆలోచించి చేసిన తప్పు. నా నవ్వు వెనక ఆ పాటి ఆలోచన కూడా లేదు.

ఆ మారని ఆకాశానికి మొదటి దెబ్బ తగిలింది 1572లో. కాసియోపియా నక్షత్రమండలంలో అంతకు ముందు లేని చుక్క ఒకటి ధగధగలాడుతూ కనిపించింది. డెన్మార్క్‌లో టైకో బ్రాహీ దాన్ని కొలిచి, అది చంద్రుడికన్నా ఎంతో దూరంలో ఉందని తేల్చాడు. అయిదేళ్లకు వచ్చిన తోకచుక్క కూడా చంద్రుడి అవతలిదేనన్నాడు. మారదనుకున్న చోట మార్పు వచ్చింది. అరిస్టాటిల్ ఈథర్‌ను ఓడించింది కూడా అరిస్టాటిల్ చేసిన పనే, అంటే పైకి చూసి రాసుకోవడం. క్లాసులో ఈ ముక్క ఎప్పుడూ చెప్పలేదు.

ఇక ఆ పిల్లవాడు. సీనియర్ ఇంటర్‌లో తెలుగు మీడియం సెక్షన్. కాంతి తరంగమని, అది శూన్యంలో కూడా ప్రయాణిస్తుందని చెప్పి, బోర్డు మీద అటూ ఇటూ మెలికలు తిరిగే గీత ఒకటి గీశాను. వెనక బెంచీలోంచి లేచి, “నీటి అలలో నీళ్లు ఊగుతాయి, ధ్వనిలో గాలి ఊగుతుంది. ఇందులో ఊగేది ఏమిటి సార్?” అని అడిగాడు. ఏమీ లేదన్నాను. పూర్వం కొందరు నీలాగే అనుకుని ఈథర్ అనే దయ్యాన్ని పుట్టించారని, అది లేదని ఎప్పుడో తేలిపోయిందని అన్నాను. క్లాసు నవ్వింది. అతను కూర్చోలేదు. ఆ వారమే కాంతి వేగానికి నేను చెప్పిన సూత్రం గుర్తుచేశాడు. అందులో శూన్యం పెర్మిటివిటీ, శూన్యం పెర్మియబిలిటీ అని రెండు విలువలు ఉంటాయి. “ఏమీ లేని చోటికి ఈ విలువలు ఎందుకుంటాయి సార్?” అన్నాడు. నా దగ్గర జవాబు లేదు. లేదని చెప్పడానికి నోరు రాలేదు. పరీక్షకు అక్కర్లేని ప్రశ్నలతో మిగతావాళ్ల సమయం పాడు చేయవద్దని చెప్పి కూర్చోబెట్టాను. ఆ తరవాత అతను నా క్లాసులో మళ్లీ ఏదీ అడగలేదు. నేను చెప్పించి రాయించినదాన్ని అక్షరం పొల్లుపోకుండా పరీక్షలో రాశాడు. దాన్ని నేను నా విజయంగా లెక్కవేసుకున్నాను.

ఎన్నో ఏళ్ల తరవాత ఒక వేసవి సెలవుల్లో, ఉపాధ్యాయుల శిక్షణలో మాట్లాడమని పిలిస్తే, మొట్టమొదటిసారి అసలు గ్రంథాల దగ్గరకు వెళ్లాను. చదువుతున్నకొద్దీ ఆ పిల్లవాడి మొదటి ప్రశ్నే మళ్లీ మళ్లీ ఎదురైంది. 1690లో అచ్చయిన కాంతి గ్రంథంలో డచ్చి శాస్త్రవేత్త క్రిస్టియాన్ హైగెన్స్ అడిగింది అదే. గాజుపాత్రలో మోగే వస్తువును పెట్టి గాలి తోడేస్తే మోత ఆగిపోతుంది, కాంతి మాత్రం దూరిపోతూనే ఉంటుంది. ధ్వనిని మోసేది గాలి అయితే, కాంతిని మోసేది గాలికన్నా సన్ననిదై, గాజులోంచి కూడా పారగలిగినదై ఉండాలి. దాన్నే ఈథర్ అన్నాడు. పేరు గ్రీకుల పాతదే, పని మాత్రం కొత్తది.

ఇక్కడ మన పంచభూతాలు గుర్తుకు రాక మానవు. ఈథరూ మన ఆకాశమూ ఒకటేనని కూడా నేను చాలాసార్లు తేలికగా అనేశాను. రెండూ అయిదోవే. అంతమాత్రాన ఒకటి కావు. అరిస్టాటిల్ అయిదో పదార్థం వలయంగా తిరిగేది. మన వైశేషిక దార్శనికుల ఆకాశం కదలదు, అంతటా ఒకటిగా ఉంటుంది. వాళ్లు దాన్ని చేరిన దారి మాత్రం వేరేచోట కలుస్తుంది. శబ్దం ఒక గుణం, గుణం ఉంటే దాన్ని మోసే ద్రవ్యం ఉండాలి. నేల, నీరు, నిప్పు, గాలి, కాలం, దిక్కు, ఆత్మ, మనసు, వీటిలో ఏదీ కాదని ఒక్కొక్కటే తోసేసి, మిగిలినది ఆకాశం అన్నారు. అంటే వాళ్లు హైగెన్స్‌కు దగ్గరివాళ్లు. అందరూ అడిగింది ఒకటే, ఇది దేని గుణం అని. ఆ వెనక బెంచీ పిల్లవాడు ఎవరి సరసన నిలబడి మాట్లాడాడో నేను గుర్తించలేదు.

పందొమ్మిదో శతాబ్దంలో ఈ ప్రశ్న బరువెక్కింది. 1801 నుంచి థామస్ యంగ్ వ్యతికరణాన్ని చూపించాడు, 1818లో ఫ్రెనెల్ వివర్తనానికి గణితం కట్టాడు. కాంతి తరంగమేనని ఒప్పుకోక తప్పలేదు. తరవాత ధ్రువణం అసలు చిక్కు తెచ్చింది. ధ్రువణం జరగాలంటే కాంతి తిర్యక్ తరంగం, అంటే పోయే దిక్కుకు అడ్డంగా ఊగే తరంగం, కావాలి. ద్రవాల లోపల, వాయువుల లోపల అలాంటి తరంగాలు నిలవవు, ఘనపదార్థం కావాలి. సెకనుకు మూడు లక్షల కిలోమీటర్ల వేగం రావాలంటే అది బరువుకు తగినంతకన్నా ఎన్నో రెట్లు బిరుసుగా ఉండాలి. మరి అంత బిరుసైనదాంట్లోంచి గ్రహాలు ఏ అడ్డూ లేకుండా ఎలా పోతున్నాయి? భౌతికశాస్త్రవేత్త కెల్విన్ దీనికి చెప్పులు కుట్టేవాళ్లు వాడే మైనాన్ని చూపించాడు. గట్టిగా కొడితే అది పగులుతుంది. ఆ మైనపు దిమ్మ కింద బెండు ముక్కలు, పైన సీసపు గుండ్లు పెట్టి వదిలేస్తే, నెలలు గడిచేసరికి బెండు పైకి తేలింది, గుండ్లు కిందికి దిగాయి. వేగంగా వచ్చే కంపానికి ఘనంగా, నెమ్మదిగా కదిలేదానికి ద్రవంగా ఉండే పదార్థం ఉండొచ్చునన్నమాట. దాన్ని చదివి చాలాసేపు పుస్తకం మూయలేకపోయాను. నేను దయ్యం అన్నదాని కోసం ఆయన పాత్రలో మైనం పోసి నెలలు కనిపెట్టుకుని చూశాడు.

తరవాత 1887 నాటి మిచెల్సన్, మార్లీల వ్యాసం. దాన్ని చదవకుండానే ఇన్నాళ్లూ దాని గురించి పాఠం చెప్పాను. పదమూడు పేజీల వ్యాసమది. దాని వెనక కథ 1879లో మొదలైంది. మాక్స్‌వెల్ చనిపోయే ఏడాది అమెరికాలోని ఒక ఖగోళశాస్త్రవేత్తకు ఉత్తరం రాశాడు. ఈథర్‌లో భూమి కదలికను భూమి మీదే ఉండి కొలవాలంటే పది కోట్లలో ఒక వంతు తేడాను పట్టుకోవాలి, అది అసాధ్యం అన్నాడు. ఆ మాటను ఆల్బర్ట్ మిచెల్సన్ సవాలుగా తీసుకున్నాడు. టెలిఫోన్ కనిపెట్టిన గ్రాహం బెల్ డబ్బు సాయం చేస్తే, ఒక కిరణాన్ని రెండుగా చీల్చి, అడ్డంగా ఒకటి, నిలువుగా ఒకటి పంపి, మళ్లీ కలిపి, అప్పుడు ఏర్పడే వెలుగు చీకటి పట్టీలను చూసే పరికరం తయారు చేయించాడు. బెర్లిన్‌లో బండ్ల అదురుకు అది పనిచేయలేదు. 1881లో పోట్స్‌డామ్‌కు మార్చాడు. అక్కడ కూడా వంద మీటర్ల దూరంలో ఎవరైనా కాలు గట్టిగా నేలకు తన్నితే పట్టీలు మాయమయ్యేవి. పైగా ఆ ప్రయోగం లెక్కలో పొరపాటుందని ఇతరులు చూపించారు.

క్లీవ్‌లాండ్‌లో ఎడ్వర్డ్ మార్లీతో కలిసి మళ్లీ మొదలుపెట్టాడు. మీటరున్నర చదరపు ఇసుకరాయి పలక, దాదాపు ముప్పై సెంటీమీటర్ల మందం. దాన్ని పాదరసం నింపిన ఇనప తొట్టెలో తేలించారు. అద్దాలతో కాంతిని అటూ ఇటూ తిప్పి దారిని పదకొండు మీటర్లకు పెంచారు. రాయి ఆగకుండా మెల్లగా తిరుగుతుంటే, దాని వెంట నడుస్తూ కంటి గొట్టంలోంచి చూసి, ఒక్కో చుట్టుకు పదహారు చోట్ల పట్టీ స్థానం చెప్పాలి. రాయిని తాకకూడదు. సూర్యుడి చుట్టూ భూమి సెకనుకు 30 కిలోమీటర్లు పోతుంది గనుక, పట్టీ 0.4 వంతు జరగాలని లెక్క. 1887 జూలై 8 నుంచి 12 లోపు కొన్ని మధ్యాహ్నాలు, కొన్ని సాయంత్రాలు చూశారు. జరిగినది, జరిగిందనుకుంటే, ఆశించినదానిలో బహుశా నలభయ్యో వంతు కూడా లేదు.

ఒక్క దెబ్బతో ఈథర్ కూలిందని చెప్పే వాక్యం కోసం ఆ వ్యాసమంతా వెతికాను. లేదు. భూమికీ ఈథర్‌కూ మధ్య సాపేక్ష చలనం ఉంటే అది చాలా తక్కువ అని మాత్రమే రాశారు. భూమి తన దగ్గరి ఈథర్‌ను వెంట లాక్కుపోతుందేమో, ఒంటరి కొండ శిఖరం మీద చూస్తే తెలుస్తుందేమో అని చివర చేర్చారు. మూడేసి నెలలకొకసారి మళ్లీ చూస్తామన్నారు, చూడలేదు. మిచెల్సన్ దీన్ని విజయంగా ఎన్నడూ అనుకోలేదు. 1907లో నోబెల్ బహుమతి వచ్చాక కూడా, వయసు మళ్లాక కూడా, ఈథర్ మీద మమకారం చంపుకోలేకపోయాడు. ఆ ఫలితాన్ని వివరించడానికి ఫిట్జ్‌జెరాల్డ్ 1889లో, లొరెంజ్ 1892లో, ఈథర్‌లో పోయే వస్తువు పోయే దిక్కున కాస్త కుదించుకుపోతుందని ప్రతిపాదించారు. ఆ లెక్కన భూమి వ్యాసం దాదాపు ఆరున్నర సెంటీమీటర్లు తగ్గుతుంది. లొరెంజ్ 1928లో చనిపోయేదాకా ఈథర్‌ను వదల్లేదు. 1920ల దశకంలో డేటన్ మిల్లర్ నిజంగానే మౌంట్ విల్సన్ కొండ ఎక్కి చూసి, చలనం కనిపించిందన్నాడు. అది ఉష్ణోగ్రత తేడాల వల్ల వచ్చినదని 1955లో గానీ తేలలేదు.

ఇంత పట్టుబట్టిన వీళ్లంతా నాకన్నా తెలివితక్కువవాళ్లా? ఈ ప్రశ్న వేసుకున్నాక, బోర్డు మీద నేను గీసిన మెలికల గీత కళ్ల ముందుకు వచ్చింది. ఆ గీతను నేను నమ్మాను. కాంతి అంటే ఒక సన్నని తీగ లాంటిదేదో శూన్యంలో పైకీ కిందికీ కదులుతూ పోవడమనే నా మనసులో ఉండేది. ఈథర్ లేదని నోటితో చెబుతూ, మనసులో ఈథర్‌నే ఊపుతున్నాను. హైగెన్స్, కెల్విన్, లొరెంజ్ తమ మనసులో ఉన్నదాన్ని కాగితం మీద పెట్టి, దానికి పేరు పెట్టి, కొలవడానికి ఒప్పుకున్నారు. నేను దాచుకుని, అడిగిన పిల్లవాడిని నవ్వులపాలు చేశాను. మూర్ఖత్వం అంటే నాకు తెలిసినంతలో ఇదే.

1905లో ఐన్‌స్టీన్ కాంతి ఈథర్ అనవసరమన్నాడు. లేదని నిరూపించానని అనలేదు, దాని అక్కర లేకుండా లెక్క కుదిరిందన్నాడు. ఆ వ్యాసం మొదలయ్యేది కూడా మిచెల్సన్‌తో కాదు, అయస్కాంతం, తీగచుట్టలతో. అయస్కాంతం కదిలినా, తీగచుట్ట కదిలినా వచ్చే విద్యుత్తు ఒకటే. మరి రెండింటికీ వేరువేరు వివరణలు ఎందుకు అని మొదలుపెడతాడు. పదిహేనేళ్ల తరవాత, 1920లో, లొరెంజ్ పాఠాలు చెప్పిన లైడెన్‌లో ఈథర్ మీదే ప్రసంగించాడు. సాధారణ సాపేక్ష సిద్ధాంతం ప్రకారం శూన్యానికి భౌతికమైన గుణాలున్నాయి, ఆ అర్థంలో ఈథర్ ఉంది అన్నాడు. కాకపోతే దానికి కదలికను అంటగట్టకూడదు, అది ముక్కలుగా విడదీసి వెంట పట్టుకుని పోగలిగిన పదార్థం కాదు అన్నాడు. ఏమీ లేని చోటికి ఈ విలువలు ఎందుకుంటాయి సార్ అన్నాడే ఆ పిల్లవాడు, ఆ ప్రశ్నకు నాకు దొరికిన మొదటి గౌరవనీయమైన జవాబు ఆ ప్రసంగంలో ఉంది. చోటంటే ఖాళీ డబ్బా కాదు. దానికి గుణాలుంటాయి, వాటిని కొలవవచ్చు.

ఉద్యోగం చివరి రోజుల్లో కాంతి పాఠం మార్చి చెప్పాను. మెలికల గీత గీయడం మానేసి, ఒక నిటారు గీత గీసి, దాని మీద అక్కడక్కడా ఒక్కో చుక్క పెట్టి, ప్రతి చుక్క దగ్గర ఒక బాణం గీసేవాణ్ణి. ఒకటి పొడుగు, ఒకటి పొట్టి, ఒకటి కిందికి తిరిగినది. చుక్క కదలదు. ఆ చుక్క దగ్గర ఒక ధనావేశాన్ని పెడితే అది ఎంత బలంతో, ఏ వైపు తోయబడుతుందో ఆ బాణం చెబుతుంది. క్షణక్షణానికీ బాణం పొడుగు మారుతుంది, ఆ మార్పే ముందుకు పోతుంది. యాంటెనాలో ఎలక్ట్రాన్లు ఊగుతున్నాయంటే బాణం అక్కడ ఉన్నట్టే. ఊగేది ఏమిటంటే విద్యుత్ క్షేత్రం విలువ, దానితో పాటు అయస్కాంత క్షేత్రం విలువ. పదార్థం ఏదీ అటూ ఇటూ జరగనక్కర్లేదు. ఇది చెప్పాక హైగెన్స్ పేరు, కెల్విన్ మైనం, క్లీవ్‌లాండ్ ఇసుకరాయి చెప్పేవాణ్ణి. వాటికి పరీక్షలో మార్కులు లేవని ముందే చెప్పేసేవాణ్ణి. ఒకసారి ముందు బెంచీ అమ్మాయి, “అయితే క్షేత్రం దేనితో తయారైంది సార్?” అంది. క్లాసు నవ్వబోయింది. నవ్వవద్దని చెప్పి, ఆమెను బోర్డు దగ్గరకు పిలిచి, సుద్దముక్క చేతికిచ్చి, ఆ ప్రశ్నను అందరికీ కనబడేలా రాయమన్నాను. గంట కొట్టేదాకా దాని మీదే మాట్లాడుకున్నాం.